ఎనిమిది ఎంబీ

లెన్సుకు చూపు పోయింది.
స్పిరిటుతో తుడిచినా, దూదితో అద్దినా
డిస్కును గిరగిరా తిప్పి తిప్పి
నల్లతెర మీద చేతులెత్తేస్తా ఉండాది.

గ్రీమ్స్‌పేటలో గంటకు పది రూపాయల ఆటలంగడి నాది.
మూసి పదమూడేండ్లు.
నాలుగు టీవీలూ పాతసామాన్లోడి తక్కెట్లోకి పోయినాయి.
ఇదొక్కటి అటక మీద
మామిడికాయల గంపల పక్కన
గుడ్డ కప్పుకోని పడుకోనుండె.

మురకంబట్టు నించి వచ్చింది నఫీసా,
పాలిటెక్నిక్ పిల్ల, నడుముకు స్క్రూడ్రైవర్ల సంచి.
"డిస్కు మర్చిపో మామా,
ఆటలన్నీ పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కిస్తా.
కంపెనీవోళ్లు వేసిన తాళానికి
యాడాడో పిలకాయలు ఇండ్లల్లో కూచోని
చెవి చేసి ఊరికే పంచిపెట్టినారు.
అది దూరేదానికి మెమొరీకార్డులో
రవ్వంత చోటు కావల్ల.
రాత్రికి ఖాళీ చేసి పెట్టు."

రవ్వంత చోటు!
ఎనిమిది ఎంబీల కార్డు,
ఇప్పటి ఫోన్లో రెండు ఫోటోలకు చాలదు.
దాంట్లో ఒక వీధి కాపరముండాది.

ఢిల్లీబాబు క్రికెట్టు,
ఆరో ఓవర్లో ఆగిపోయుండాది, ఇంకా తొంభై కొట్టల్ల.
ఇంతియాజ్ కుస్తీవీరుడికి వేసిన పచ్చరంగు జుట్టు.
చెంగల్రాయుడి కార్లు మూడు, మూడూ ఎరుపే.
ఇంకొకదానికి పేరు లేదు, ఉత్త ఆ ఆ ఆ.
అది కోమలవల్లిది.
మిట్టమధ్యాన్నం మగపిల్లోళ్లు లేనప్పుడు వచ్చి
చున్నీ నడుముకు బిగించి అరగంట ఆడి
పేరు కొట్టే తీరిక లేక పరిగెత్తింది.

దొరవేలుది అన్నిటికన్నా లావు.
అరవై రెండు శాతం.
వాడు నాకు నలభై రూపాయలు బాకీ.

నిద్ర పట్టలే.
గుజ్జు ఫ్యాక్టరీల తీపి వాసన కిటికీలో నించి వస్తా ఉండాది.
రెండున్నరకు కరెంటు పోయి వచ్చింది.
"తీసేయాల్నా?" అనడిగింది తెర.
నలభై గుర్తొచ్చింది.
అవును మీద వేలు పడింది.
బాకీ వసూలు చేసినట్టే అనిపించింది,
నిజం చెప్తే, ఒక్క నిమిషం.

పొద్దున్నే నఫీసా, చేతిలో ఇంకో కార్డు.
"ఇంటికాడే దీంట్లో ఎక్కించుకోనొచ్చేసినా మామా.
ముందర రెండు బొక్కలుండాయి గదా,
నీ పాతది పక్కదాంట్లో పెట్టుకో."

రెండు బొక్కలు.
తొమ్మిదేండ్లు రోజూ దుమ్ము తుడిచినా.

ఫైలు ముక్కలు ముక్కలుగా పడుంటే చదవదంట,
పెండ్లిపంక్తి మాదిరి వరసగా కూచోబెట్టింది.
పాతకాలం పోర్టు, సన్నగొంతు.
కత మొదట్లో వచ్చే బొమ్మ
కూజాలోని నీళ్ల మాదిరి
గుడగుడమని ఆగి ఆగి వస్తా ఉండాది.
వస్తా ఉండాది గదా, చాలు.

ఇప్పుడు రోజూ జిరాక్సు షాపు కట్టేసినాక
దొరవేలు ఆటే ఆడతా ఉండా.
కత్తిమనిషి, రాతిగుహ, ఊగే వంతెన.
ఆడ వాడు యట్లా దూకినాడో!
పన్నెండేండ్ల బొటనవేలు చేసిన పని
నా యాభై రెండేండ్ల వేలికి రాలే.
వాడి ఎనకాల్నే నిలబడుకోనుంటి గదా అన్నాళ్లూ.
"టైమయింది, లెయ్‌రా" అంటా
గడియారం చూస్తినే గానీ
వంతెన చూడకపోతి.

నిన్నటికి పదకొండు శాతం.
పేరడిగింది. వాడి పేరే కొట్టినా.

బాకీల పుస్తకం ఇంకా ఉండాది,
అట్టకు చెదలు.
దొరవేలు పక్కన నలభై కొట్టేసి
కింద నా పేరు రాసుకున్నా:
ఇయ్యాల్సింది
యాభై ఒక్క శాతం.